తమ్ముడు చూపిస్తున్న ఆ అర్జెంటీనా ఆటగాడి కథ

ప్రశ్న: మా తమ్ముడికి 22 ఏళ్లు. ఫుట్‌బాల్‌లో మిడ్‌ఫీల్డర్. హైదరాబాద్‌లో మొదలుపెట్టి ఐదేళ్లలో నాలుగు క్లబ్బులు మారాడు, నాలుగూ నాలుగు ఊళ్లలో. ఏ కాంట్రాక్టూ పది నెలలు దాటలేదు. ఒక క్లబ్బు అయితే చివరి రెండు నెలల జీతం ఎగ్గొట్టింది. "ఒక్క చోట కుదురుగా ఉండలేనోడు ఎందులోనూ పైకి రాడు, డిగ్రీ పూర్తి చేసి గ్రూప్స్ రాసుకోమను" అంటున్నారు నాన్న. వాడేమో ఫోన్‌లో ఒక అర్జెంటీనా మిడ్‌ఫీల్డర్ వివరాలు తెరిచి, "24 నిండకముందే ఆరు క్లబ్బులు, నాలుగు దేశాలు తిరిగాడు, తర్వాత వరల్డ్ కప్ గెలిచాడు, నేను తిరిగితే తప్పా?" అని వాదిస్తాడు. ఇప్పుడు ఒకాయన బ్యూనస్ ఎయిర్స్‌లో ట్రయల్స్ ఇప్పిస్తానని నాలుగు లక్షలు అడుగుతున్నాడు. అదే టైములో ఈశాన్య రాష్ట్రాల నుంచి కింది డివిజన్ క్లబ్బు ఒకటి పిలిచింది, జీతం తక్కువ. నా పెళ్లికని దాచుకున్న డబ్బు నా దగ్గర ఉంది. ఏం చేయమంటారు? ఆ ఆటగాడి కథ నిజంగా వాడు చెప్పినట్టేనా? – ఒక అక్క, కరీంనగర్.

సమాధానం:

అక్కా, మీరు అలా సంతకం పెట్టారు కాబట్టి నేనూ అలాగే పిలుస్తాను. ముందు డబ్బు సంగతి చెప్పేస్తాను, మిగతాది తర్వాత మాట్లాడుకుందాం. ఆ నాలుగు లక్షలు ఇవ్వకండి. ఒక్క రూపాయి కూడా ఇవ్వకండి. ఎందుకో కింద వివరంగా రాశాను కానీ, మీరు ఈ జవాబు సగంలో ఆపేసినా సరే, ఈ మాట మాత్రం గుర్తుంచుకోండి.

ఇక ఆ ఆటగాడు. మీరు పేరు రాయలేదు గానీ ఆరు క్లబ్బులు, నాలుగు దేశాలు, వరల్డ్ కప్ అనగానే నాకు ఎవరో తెలిసిపోయింది. మౌరో కామొరనేసి. పుట్టింది అర్జెంటీనాలో, వరల్డ్ కప్ గెలిచింది మాత్రం ఇటలీ తరఫున. ఇటలీ, ఫ్రాన్స్ ఆడిన ఆ 2006 వరల్డ్ కప్ ఫైనల్ మనకి రాత్రి పదకొండున్నరకి మొదలైంది, మేము హాస్టల్ టీవీ గదిలో నేల మీద కూర్చుని చూశాం. ఆ మ్యాచ్ అంటే అందరికీ ఫ్రాన్స్ ఆటగాడు జిదాన్ తలతో ఇటలీ ఆటగాడు మాతెరాజ్జీ ఛాతీ మీద కొట్టడమే గుర్తు. నాకు మాత్రం పెనాల్టీలు అయిపోయాక జరిగిన ఒక చిన్న సంగతి ఇప్పటికీ కళ్లముందే ఉంది. మైదానం మధ్యలో ఒకతన్ని కూర్చోబెట్టి, చుట్టూ ఇటలీ ఆటగాళ్లు గంతులేస్తుంటే, అతని పొడవాటి పిలకని ఇంకో ఆటగాడు కత్తెరతో కత్తిరించేశాడు. మన దగ్గర మొక్కు తీర్చుకున్నట్టు అనిపించింది నాకు. కూర్చున్నతను కామొరనేసి, కత్తెర పట్టుకున్నతను మాసిమో ఒద్దో. వీళ్లిద్దరి పరిచయం ఎక్కడిదో తర్వాత చెప్తాను, మీ తమ్ముడికి పనికొచ్చే విషయం అందులోనే ఉంది.

మీ తమ్ముడు చెప్పిన అంకెలు నిజమే. అబద్ధం ఆడలేదు. కానీ ఫోన్‌లో ఆ క్లబ్బుల జాబితా ఒకదాని కింద ఒకటి వరసగా కనిపిస్తుంది కదా, అది చూస్తే మెట్లెక్కినట్టు ఉంటుంది. కామొరనేసి అలా ఎక్కలేదు. మొదటి నాలుగేళ్లలో ఎక్కినంతా దిగాడు కూడా. ఆ దిగడం గురించి మీ తమ్ముడు మీకు చెప్పాడో లేదో నాకు తెలియదు, చెప్పకపోతే మాత్రం కథలో అసలు భాగం వదిలేశాడు.

అతను పుట్టింది 1976 అక్టోబర్ 4న, తాందిల్ అనే ఊళ్లో. బ్యూనస్ ఎయిర్స్ నుంచి సుమారు 350 కిలోమీటర్ల దూరంలో, చుట్టూ గుట్టలున్న ఊరు. కొండ అంచు మీద పడిపోకుండా ఊగుతూ నిలబడిన ఒక పెద్ద బండరాయి ఆ ఊరికి పేరు తెచ్చింది, అది 1912లో కింద పడి ముక్కలైపోయింది. తర్వాత టెన్నిస్ ఆటగాళ్లు పేరు తెచ్చారు, డెల్ పోత్రో ఆ ఊరివాడే. ఫుట్‌బాల్‌కి మాత్రం అక్కడ పెద్ద క్లబ్బేమీ లేదు. అర్జెంటీనాలో బోకా, రివర్ లాంటి పెద్ద క్లబ్బుల పిల్లల జట్లలో పదమూడు పద్నాలుగేళ్లకి తొమ్మిదో డివిజన్‌లో చేరి, ఏడాదికో డివిజన్ చొప్పున పైకి వస్తూ, రిజర్వ్ జట్టు దాకా చేరడం మామూలు దారి. కామొరనేసి ఆ దారిలో రాలేదు. దగ్గరి సముద్రపు ఊరు మార్ దెల్ ప్లాతాకి వెళ్లి అల్దోసివి అనే క్లబ్బులో మొదలుపెట్టాడు. ఆ పేరుకి ఏదో అర్థం ఉందనుకునేవాణ్ణి, తీరా చూస్తే అక్కడ ఓడరేవు కట్టిన ఫ్రెంచ్ కాంట్రాక్టర్ల ఇంటిపేర్లలోని మొదటి అక్షరాలన్నీ కలిపి పెట్టిన పేరట. ఓడరేవు మనుషుల క్లబ్బు, అప్పట్లో దేశంలోని పెద్ద డివిజన్‌లో లేదు.

అక్కడి నుంచి నేరుగా మెక్సికో. సాంతోస్ లగూనా, ఎడారి మధ్యలో తొర్రెయోన్ అనే ఊరి క్లబ్బు. ఇరవై ఏళ్ల కుర్రాడు, వేరే దేశం, మంచి జీతం. మీ ఇంట్లోనే ఇలా జరిగితే నాన్నగారు కూడా ఊరందరికీ చెప్పుకునేవారు. కానీ అక్కడ నిలదొక్కుకోలేదు. 1997లో ఉరుగ్వేకి వెళ్లాడు, మాంటెవిడియో వాండరర్స్. వాండరర్స్ అంటే దేశదిమ్మరులు అనే అర్థం, అక్కడా కొద్ది నెలలే. అక్కడి నుంచి మళ్లీ సొంత దేశం, బ్యూనస్ ఎయిర్స్ దక్షిణ శివార్లలోని బాన్‌ఫీల్డ్ క్లబ్బు. ఆ క్లబ్బు అప్పుడే పెద్ద డివిజన్ నుంచి కింద పడి రెండో డివిజన్‌లో ఉంది.

ఇక్కడ కాసేపు ఆగి చూడండి అక్కా. 21 ఏళ్లు. విదేశానికి వెళ్లొచ్చాడు, పక్క దేశానికి వెళ్లొచ్చాడు, ఇప్పుడు సొంత దేశంలో రెండో డివిజన్‌లో ఉన్నాడు. తాందిల్‌లో వాళ్ల చుట్టాలు ఏమనుకుని ఉంటారో మనం ఊహించుకోగలం, ఏ దేశంలో అయినా చుట్టాలు చుట్టాలే. ఆ రోజున ఎవరైనా ఈ జాబితా చూస్తే "అయిపోయింది" అనేవాళ్లు. కానీ బాన్‌ఫీల్డ్‌లో అతను ఆడాడు. సీజన్ మొత్తం, వారం వారం, గోల్స్ కూడా కొడుతూ. ఆ ఒక్క సీజన్ చూసే మళ్లీ మెక్సికో పిలిచింది, ఈసారి క్రూస్ అసూల్ లాంటి పెద్ద క్లబ్బు. సిమెంట్ ఫ్యాక్టరీ కార్మికుల సహకార సంఘం నుంచి పుట్టిన క్లబ్బు అది, మెక్సికో సిటీలో వాళ్ల స్టేడియం ఎద్దుల పోరాటాల రింగుకి ఆనుకునే ఉండేది. 1998 నుంచి 2000 దాకా అక్కడ ఆడాడు. మొదటిసారి ఒక చోట రెండేళ్లు. ఇటలీ అతన్ని చూసింది అప్పుడే.

అతను ఎందుకిన్నిసార్లు మారాడో కూడా చెప్పాలి, ఎందుకంటే మీ నాన్నగారు "కుదురు లేదు" అంటున్నది స్వభావం గురించి. లాటిన్ అమెరికా ఫుట్‌బాల్‌లో ఇది స్వభావం మీద కన్నా కేలండర్ మీద ఎక్కువ ఆధారపడుతుంది. అర్జెంటీనాలో 1991 నుంచి ఏడాదికి రెండు చిన్న టోర్నమెంట్లు పెట్టి ఇద్దరు చాంపియన్లని తేల్చడం మొదలుపెట్టారు, మెక్సికో 1996లో అదే పద్ధతిలోకి వచ్చింది. ఆరు నెలలకో టోర్నమెంట్ అంటే ఆరు నెలలకో తీర్పు. నాలుగు మ్యాచ్‌లు ఓడితే కోచ్ పోతాడు, కొత్త కోచ్ తన మనుషుల్ని తెచ్చుకుంటాడు, పాత కోచ్ తెచ్చిన కుర్రాడు బెంచీ మీద కూర్చుంటాడు, డిసెంబర్‌లో సామాను సర్దుకుంటాడు. దానికి తోడు అర్జెంటీనా క్లబ్బులు కంపెనీలు కావు, సభ్యులు చందాలు కట్టి, ఓట్లేసి అధ్యక్షుణ్ణి ఎన్నుకునే సంఘాలు. డబ్బుకి ఎప్పుడూ ఇబ్బందే. ఆటగాణ్ణి అమ్మితేనే ఖాతా నిండుతుంది. అందుకే కాస్త ఆడగలిగిన మిడ్‌ఫీల్డర్ ఎవరైనా సరే మెక్సికో, చిలీ, ఈక్వడార్, గ్రీస్ ఎక్కడికైనా వెళ్లిపోతాడు. ఇలా తిరిగేవాళ్లని అక్కడ ట్రోటాముండోస్ అంటారు, లోకం చుట్టేవాడు అని. అందులో తిట్టు లేదు. కొంచెం ఆప్యాయత కూడా ఉంటుంది.

మన దేశంలో కూడా కింది డివిజన్లలో సీజన్ కొద్ది నెలలే, కాంట్రాక్టులూ అంతే. కాబట్టి మీ తమ్ముడు ఐదేళ్లలో నాలుగు క్లబ్బులు మారడాన్ని చూసి కుదురు లేదనడం అన్యాయం. ఆ మాట నాన్నగారికి మీరే నెమ్మదిగా చెప్పాలి, వాడు చెప్తే గొడవ అవుతుంది.

ఇప్పుడు కత్తెర కథకి వస్తాను. 2000లో కామొరనేసి ఇటలీలో వెరోనాకి వచ్చాడు. అక్కడి పెద్ద డివిజన్ సీరీ ఆ లో ఉన్న క్లబ్బే, కానీ ఎప్పుడూ అంచున ఉండేది. మొదటి ఏడాది రెజీనా అనే క్లబ్బుతో, ఎవరు కింద పడాలో తేల్చే ప్లేఆఫ్ ఆడి చావుతప్పి కన్ను లొట్టపోయినట్టు బయటపడ్డారు, రెండో ఏడాది, 2002లో, చివరి రోజున ఓడిపోయి కింది డివిజన్‌కి పడిపోయారు. ఆ పడిపోయిన జట్టులో ఎవరున్నారో చూడండి: కామొరనేసి, మాసిమో ఒద్దో, కుర్రాడు అల్బెర్టో జిలార్డీనో. సరిగ్గా నాలుగేళ్లకి ఈ ముగ్గురూ బెర్లిన్‌లో ప్రపంచ చాంపియన్లు. పిలక కత్తిరించిన ఆ రాత్రి నేను చూసింది ఇద్దరు పాత వెరోనా స్నేహితుల్ని, డివిజన్ నుంచి పడిపోయిన రోజున ఒకే డ్రెస్సింగ్ రూంలో కూర్చున్నవాళ్లని. ఈ సంగతి తెలిశాక ఆ దృశ్యం నాకు ఇంకా ఇష్టమైపోయింది.

వెరోనా పడిపోయింది, కామొరనేసి మాత్రం పడలేదు. 2002లో టూరిన్ నగరంలోని పెద్ద క్లబ్బు యువెంటస్ తీసుకుంది. ఎందుకంటే ఆ రెండేళ్లూ ఓడిపోయే జట్టులో కూడా అతను కుడివైపు ఆడుతూనే ఉన్నాడు, చూసేవాళ్లు చూశారు. అర్జెంటీనాలో మిడ్‌ఫీల్డర్‌ని వొలాంతే అంటారు, అతను కుడివైపు వొలాంతే. బంతి కాళ్లకి అతుక్కున్నట్టు డ్రిబుల్ చేస్తాడు, గీత వెంట పరిగెత్తి క్రాస్ వేస్తాడు, లోపలికి కోసుకొస్తాడు, బంతి పోతే వెనక్కి పరిగెత్తి కోపంగా టాకిల్ వేస్తాడు, కార్డులు కూడా బాగానే తిన్నాడు. టూరిన్‌లో మొదటి సీజన్‌లోనే కోచ్ లిప్పీ జట్టులో పాతుకుపోయాడు. ఆ ఏడాదే లీగ్ టైటిల్. 2003 మేలో మాంచెస్టర్‌లో యూరప్ క్లబ్బుల చాంపియన్స్ లీగ్ ఫైనల్, మిలాన్ చేతిలో పెనాల్టీల్లో ఓటమి.

అంతకుముందే, 2003 ఫిబ్రవరి 12న, పోర్చుగల్ మీద ఇటలీ జట్టుకి మొదటి మ్యాచ్ ఆడాడు. అర్జెంటీనా అతన్ని ఎప్పుడూ పిలవలేదు. 1873లో ఇటలీలోని పొతెంజా పిచేనా అనే ఊరి నుంచి ఓడెక్కి అర్జెంటీనా వచ్చిన ముత్తాత ఉన్నాడు కాబట్టి ఇటలీ పిలవగలిగింది. ఇలాంటివాళ్లని ఒరియుందో అంటారు. 1930 ఫైనల్ అర్జెంటీనా తరఫున ఓడి 1934 ఫైనల్ ఇటలీ తరఫున గెలిచిన లూయిస్ మోంతీ నుంచి ఇది పాత ఆచారమే, అరవైల తర్వాత ఆగిపోయింది, కామొరనేసితో మళ్లీ మొదలైంది. జాతీయ గీతం పాడటం లేదని ఇటలీలో కొందరు అతన్ని విమర్శించారు. నేను అర్జెంటీనావాణ్ణే, కానీ ఇటలీ జెర్సీని గర్వంగా కాపాడాను అన్న అర్థంలో జవాబిచ్చాడు. నాకు ఆ నిజాయితీ నచ్చింది. 55 మ్యాచ్‌లు ఆడాడు ఆ జెర్సీలో.

అక్కా, ఈ ముత్తాత ముక్క దగ్గరే మీ తమ్ముడి పోలిక తెగిపోతుంది, వాడికి కోపం వచ్చినా ఇది చెప్పి తీరాలి. యూరప్ క్లబ్బులకి యూరప్ బయటి ఆటగాళ్ల మీద పరిమితులుంటాయి. ఇటలీ పాస్‌పోర్ట్ ఉన్న అర్జెంటీనా ఆటగాడు ఆ లెక్కలోకి రాడు. లక్షలమంది అర్జెంటీనావాళ్లకి ఇటలీ, స్పెయిన్ తాతలున్నారు, అక్కడి ఆటగాళ్లు అంత సులువుగా లోకమంతా తిరగగలగడానికి కాళ్లలో ఉన్న ఆటతో పాటు పెట్టెలో ఉన్న ఆ కాగితం కూడా కారణం. 2025లో ఇటలీ చట్టం మార్చి, పూర్వీకుల ద్వారా వచ్చే పౌరసత్వాన్ని తల్లిదండ్రులు, వాళ్ల తల్లిదండ్రుల వరకే పరిమితం చేసింది, ఇప్పుడైతే ఒక్క ముత్తాతని చూపిస్తే కామొరనేసికే దొరికేది కాదేమో. మీ తమ్ముడికి ఆ తలుపు లేదు. అది వాడి తప్పు కాదు. కానీ లేదు.

బ్యూనస్ ఎయిర్స్ ట్రయల్స్ సంగతి ఇక్కడే తేలిపోతుంది. పైన చెప్పాను కదా, అది ఆటగాళ్లని అమ్మి బతికే దేశం. వాళ్ల పిల్లల జట్లలో ప్రతి ఏడాదీ వందలమంది మిడ్‌ఫీల్డర్లు తయారై, వాళ్లలో చాలామంది రిజర్వ్ దాకా కూడా రాకుండా ఇంటికి వెళ్లిపోతుంటారు. విదేశీయుల స్థానాలకి పరిమితి ఉంది, ఆ స్థానాలు ఉరుగ్వే, పరాగ్వే, కొలంబియా వాళ్లతో నిండుతాయి. స్పానిష్ రాని, ఆ లీగుల్లో ఎవరూ చూడని 22 ఏళ్ల మిడ్‌ఫీల్డర్‌ని వాళ్లు ఏ కారణంతో తీసుకుంటారో ఆ నాలుగు లక్షలాయన్ని అడగండి. ఏ క్లబ్బు? ఏ కోచ్ చూస్తాడు? ఆ క్లబ్బు లెటర్‌హెడ్ మీద ఆహ్వానం ఉందా? ఆ క్లబ్బుకి మీరే నేరుగా ఈమెయిల్ పెడితే అవునంటారా? ఇంకో పని, ఫిఫా లైసెన్స్ ఉన్న ఏజెంట్ల పేర్లు ఫిఫా వెబ్‌సైట్‌లో వెతుక్కోవచ్చు, ఆయన పేరు కొట్టి చూడండి. లైసెన్స్ ఉన్నా సరే, ఏజెంటుకి రావాల్సింది ఆటగాడు సంపాదించే దాంట్లో శాతం. ఆటగాడు ఇంకా ఏమీ సంపాదించకముందే అక్క పెళ్లి డబ్బు తీసుకునేవాడు ఏజెంట్ కాదు. నాకు తెలిసిన కుర్రాడు ఒకడు ఇలాగే యూరప్‌లో ఒక దేశానికి వెళ్లాడు, మూడు వారాలు ఒక అద్దె గ్రౌండ్‌లో తనలాంటి డబ్బు కట్టిన కుర్రాళ్లతోనే ఆడించి, ఏదో సర్టిఫికెట్ చేతిలో పెట్టి పంపేశారు. ఏ క్లబ్బు మనిషీ వాణ్ణి చూడలేదు. వాళ్ల ఇంట్లో ఆ అప్పు ఇంకా కడుతున్నారు.

కామొరనేసి ఎక్కడికి వెళ్లినా అక్కడి క్లబ్బు పిలిస్తేనే వెళ్లాడు. జీతం ఇచ్చి తీసుకున్నారు. తొర్రెయోన్‌కీ అంతే, మాంటెవిడియోకీ అంతే. ఈ తేడా మీ తమ్ముడికి అర్థమైతే చాలు, సగం గొడవ తీరిపోతుంది.

ఇప్పుడు వాడి సంగతి. ఒక తెల్ల కాగితం తీసుకుని వాణ్ణి కూర్చోబెట్టండి. నాలుగు క్లబ్బుల పేర్లు రాయమనండి. ప్రతి పేరు పక్కన రెండే విషయాలు: అక్కడికి ఎవరు పిలిచారు, అక్కడ ఎన్ని నిమిషాలు ఆడాడు. మ్యాచ్‌లు కాదు, నిమిషాలు. ఎనభై ఎనిమిదో నిమిషంలో దిగినా మ్యాచ్ కిందే రాసుకుంటారు, అది లెక్కలోకి రాకూడదు. ఏ క్లబ్బు తర్వాత ఏ క్లబ్బు అన్నది పక్కన పెట్టండి, ఈ నిమిషాలు పెరుగుతున్నాయా తగ్గుతున్నాయా చూడండి. నాలుగు చోట్లా కోచ్‌లే పిలిచి, వెళ్లిన ప్రతిచోటా ఆడి ఉంటే, అది తిరుగుడు కాదు, ఉద్యోగం. నాలుగు చోట్లా ఏదో స్నేహితుడు చెప్పాడని, ఎవరో మాటిచ్చారని వెళ్లి బెంచీ మీద కూర్చుని వచ్చి ఉంటే, అప్పుడు నాన్నగారి మాటలో నిజం ఉంది. ఈ కాగితం చూడకుండా నేను ఏ పక్షమూ మాట్లాడలేను.

ఈశాన్యం నుంచి వచ్చిన పిలుపు మాత్రం నాకు ఆశగా కనిపిస్తోంది. జీతం తక్కువ, డివిజన్ కిందిది, దూరం. బాన్‌ఫీల్డ్ కూడా అలాంటిదే. పైగా అక్కడ ఫుట్‌బాల్ అంటే ప్రాణం పెట్టే జనం ఉంటారు, వాన పడినా గ్రౌండ్‌కి వస్తారు, ఎదుటివాళ్లు వేగంగా ఆడతారు, మిడ్‌ఫీల్డర్‌కి బంతి ఆపుకుని ఆలోచించే టైము దొరకదు. అది వాడికి మంచిది. కానీ సంతకం పెట్టే ముందు వాడు కోచ్‌తోనే మాట్లాడాలి, మేనేజర్‌తోనో మధ్యవర్తితోనో కాదు. నన్ను ఏ స్థానంలో అనుకుంటున్నారు? ఆ స్థానంలో ఇప్పుడు ఎవరున్నారు? గాయమైతే ఆసుపత్రి ఖర్చు ఎవరిది? బస, తిండి జీతంలోనా, విడిగానా? ఈ ప్రశ్నలకి తడబడే క్లబ్బుకి వెళ్లకూడదు.

ఎగ్గొట్టిన రెండు నెలల జీతం గురించి మీరు ఒక్క వాక్యంలో రాసి వదిలేశారు, అది వదిలేసే విషయం కాదు. ఫిఫా నిబంధనల ప్రకారం కనీసం రెండు నెలల జీతం బకాయి పెడితే, రాతపూర్వకంగా నోటీసు ఇచ్చి కనీసం 15 రోజులు గడువిచ్చి, అప్పటికీ ఇవ్వకపోతే ఆటగాడు కాంట్రాక్టు రద్దు చేసుకుని బయటికి రావచ్చు. ఇది చాలామంది కుర్రాళ్లకి తెలియదు, తెలిసినా అడిగితే ఇంకెవరూ తీసుకోరని భయపడతారు. కాంట్రాక్టు అయిపోయినా బకాయి బకాయే. ఒప్పందం కాపీ, బ్యాంకు స్టేట్‌మెంట్, వాట్సాప్ మెసేజ్‌లు అన్నీ దగ్గర పెట్టుకుని మన దేశ ఫుట్‌బాల్ సమాఖ్య ఏఐఎఫ్ఎఫ్‌లోని ప్లేయర్స్ స్టేటస్ కమిటీకి ఫిర్యాదు రాయొచ్చు, ఆటగాళ్ల సంఘం ఎఫ్‌పీఏఐ కూడా ఉంది, దారి చెప్తారు. ముందు తమ్ముడి దగ్గర ఒప్పందం కాపీ ఉందో లేదో అడగండి. లేదంటే ఈసారి సంతకం పెట్టిన రోజే తీసుకోమనండి, తర్వాత ఇస్తామంటే వద్దనమనండి.

యువెంటస్ తర్వాతి కథ కూడా మీ నాన్నగారికి చెప్పండి, ఆయనకి నచ్చే భాగం అదే. 2006లో వరల్డ్ కప్ గెలిచిన కొద్ది రోజులకే మ్యాచ్ ఫిక్సింగ్ కుంభకోణంలో యువెంటస్‌ని రెండో డివిజన్‌కి పంపేశారు, రెండు టైటిళ్లు కూడా పోయాయి. కన్నవారో మాడ్రిడ్‌కి, జంబ్రోత్తా, తురామ్ బార్సిలోనాకి, ఇబ్రహిమోవిచ్ ఇంటర్‌కి వెళ్లిపోయారు. బుఫోన్, డెల్ పియెరో, నెద్వెద్, త్రెజెగే ఉండిపోయారు. వాళ్లతో పాటు కామొరనేసి కూడా. ఇరవై ఒకటో ఏటికే నాలుగు క్లబ్బులు మారినవాడు, మెడలో వరల్డ్ కప్ మెడల్ వేసుకుని, రిమినీ లాంటి చిన్న ఊళ్లలో రెండో డివిజన్ ఆడాడు. ఏడాదిలో జట్టు మళ్లీ పైకొచ్చింది. మొత్తం ఎనిమిదేళ్లు ఉన్నాడు టూరిన్‌లో, 2010 దాకా. అంటే కుదురు లేక తిరిగినవాడు కాదు. కుదురుకోవడానికి చోటు దొరికేదాకా తిరిగాడు.

ఆ తర్వాత మళ్లీ రోడ్డే. స్టుట్‌గార్ట్‌లో ఆరు నెలలు కూడా నిలవలేదు. అర్జెంటీనాకి వచ్చి లానుస్, తర్వాత రాసింగ్, 2014లో ఆట ఆపేశాడు. ఆపాక కోచ్‌గా మెక్సికో, స్లొవేనియా, మాల్టా, సైప్రస్. నాకు ఈ చివరి భాగం చదివితే కొంచెం బాధగా ఉంటుంది, ప్రపంచ చాంపియన్ అయినా ఒక చోట ఇల్లు నిలవని పని ఇది. మీ తమ్ముడు ఈ బతుకు ఎంచుకుంటే పండగలకి ఇంటికి రాలేడు, మీ పెళ్లికి కూడా రెండు రోజులే సెలవు దొరకొచ్చు. అది వాడికి తెలియాలి, మీకూ తెలియాలి.

ఇంకో మాట. కామొరనేసి పేరు మనకి తెలిసింది కాబట్టి అతని కథ చెప్పుకుంటున్నాం. ఇరవై ఏళ్లకి మెక్సికో వెళ్లి, ఉరుగ్వే వెళ్లి, రెండో డివిజన్‌కి తిరిగొచ్చి అక్కడే ఆగిపోయినవాళ్లు ఎంతోమంది. వాళ్ల జీవితాలు పాడైపోయాయని కాదు, చాలామంది పదేళ్లు జీతం తీసుకుని ఆడి, ఊళ్లో పిల్లలకి నేర్పుతూ బతుకుతున్నారు. మీ తమ్ముడు నిజంగా పోల్చుకోవాల్సింది వాళ్లతో. వరల్డ్ కప్ లేకపోయినా ఆ జీవితం సరేనా అని వాణ్ణి అడగండి, ఆలోచించుకోవడానికి టైమివ్వండి. సరే అంటే వాడికి ఆట మీద నిజమైన ప్రేమ ఉంది, వెళ్లనివ్వండి.

డిగ్రీ విషయంలో నాన్నగారి పక్షమే నాది. అంబేడ్కర్ ఓపెన్ యూనివర్సిటీలో చేరితే ఎక్కడున్నా చదువుకోవచ్చు, సీజన్ మధ్య ఖాళీల్లో పుస్తకం తెరవొచ్చు. గ్రూప్స్ ఎప్పుడైనా రాయొచ్చు, 22 ఏళ్ల కాళ్లు మాత్రం మళ్లీ రావు. ఇద్దరికీ గడువు పెట్టండి, రెండు సీజన్లు. ఆ రెండు సీజన్ల నిమిషాలు కాగితం మీద ఉంటాయి కదా, అప్పుడు ముగ్గురూ కూర్చుని చూడండి.

మీ డబ్బు మీ దగ్గరే ఉండాలి అక్కా. బ్యాంకులో ఎఫ్‌డీ వేసేయండి, ఇవాళే, వాడు బతిమాలకముందే. వాడికి ఏదైనా ఇవ్వాలనిపిస్తే ఈశాన్యం వెళ్లడానికి రైలు టికెట్, రెండు జతల మంచి బూట్లు కొనివ్వండి, అక్కడి వానలకి ఒక జత చాలదు. రేపు సాయంత్రం నాన్నగారు ఇంట్లో ఉన్నప్పుడు ఆ కోచ్‌కి ఫోన్ చేయమనండి, స్పీకర్ ఆన్ చేసి. ఆ నాలుగు ప్రశ్నలూ వాడే అడగాలి, మీరు అడగొద్దు. కోచ్ ఏం చెప్పాడో నాకు మళ్లీ రాయండి.